ఆ బామ్మకి ఏం కావాలి?

తమ్ముడూ,

నీ స్క్రిప్ట్ రాత్రే చదివేశాను. కుర్రాళ్ల సీన్లు బాగా నడిపావు, వాటి సంగతి తర్వాత మాట్లాడుకుందాం. నాకు పంటికింద రాయిలా తగిలింది బామ్మ పాత్ర. నాలుగు సీన్లలో కనిపిస్తుంది, నాలుగింట్లోనూ తలుపు తోసుకుని వచ్చి, మనవడి తల నిమిరి, ఒక మంచిమాట చెప్పి వెళ్లిపోతుంది. వెళ్లి ఏం చేస్తుందో నీకైనా తెలుసా?

ఇదే ప్రశ్న నన్ను ఒక సీనియర్ నటి అడిగింది, నా రెండో సీరియల్ షూటింగ్‌లో. చేతిలో మందుల డబ్బా పట్టుకుని, "నేనీ గదిలోకి ఎందుకొచ్చానండీ?" అంది. కొడుకుని ఓదార్చడానికి అన్నాను. "అది వాడి అవసరం. మరి నాకేం పని?" నా దగ్గర జవాబు లేదు. టైమ్ లేదని అలాగే షూట్ చేసేశాం. ఇప్పటికీ ఆ ఎపిసోడ్ కనబడితే ఛానల్ మార్చేస్తాను.

పెద్దవయసు ఆడవాళ్ల పాత్రల్ని లెక్కలోకి తీసుకోని ఈ జబ్బు పాతదేలే, ఒక్కోసారి ఆ వయసు నటిని కూడా వెతికేవాళ్లు కాదు. 1967 నాటి హాలీవుడ్ సినిమా 'ది గ్రాడ్యుయేట్'లో తల్లి వయసున్న ఆవిడగా వేసిన యాన్ బాంక్రాఫ్ట్, కుర్రాడిగా వేసిన డస్టిన్ హాఫ్‌మన్ కన్నా నిండా ఆరేళ్లు కూడా పెద్ద కాదు. 1985లో మొదలైన అమెరికన్ టీవీ సిరీస్ 'ది గోల్డెన్ గర్ల్స్' మరీ తమాషా, బియా ఆర్థర్‌కి తల్లిగా వేసిన ఎస్టెల్ గెటీ ఆవిడకన్నా ఏడాది చిన్న! అయినా ఆ సిరీస్‌ని జనం ఎందుకు నెత్తిన పెట్టుకున్నారంటే, అందులో ఒకే ఇంట్లో ఉండే నలుగురు పెద్దవయసు ఆడవాళ్లూ ఎవరి కథలోకో వచ్చిపోయేవాళ్లు కాదు, ఇల్లు వాళ్లది, గొడవలు వాళ్లవి, ప్రేమలూ వాళ్లవే. 2015లో 'గ్రేస్ అండ్ ఫ్రాంకీ' వచ్చేసరికి డెబ్బై దాటిన ఇద్దరు నటీమణులు ఏడు సీజన్లు లాగేశారు.

కాలం మారింది కదా అని ఇంకో గోతిలో పడకు. బూతులు తిట్టే బామ్మ, బండి మీద దూసుకుపోయే బామ్మ, ఇప్పుడు అదీ ఒక మూసే. 'మినారి' సినిమా చూడు. అందులో అమ్మమ్మకీ నోటి దురుసే, పేకాట కూడా ఆడుతుంది, నువ్వు అసలు అమ్మమ్మలాగే లేవని మనవడు మొహమ్మీదే అనేస్తాడు. అంతటితో ఆగితే నవ్వుకుని మర్చిపోయేవాళ్లం. చివర్లో ఆవిడ సాయం చేయబోయి చేసిన పొరపాటుకి ఇంటిల్లిపాది కష్టం బూడిదైపోతుంది, కథే మలుపు తిరిగిపోతుంది. ఆ పాత్రకే యూన్ యో జంగ్ 2021లో, 73 ఏళ్ల వయసులో ఆస్కార్ అందుకుంది.

నీ మూడో సీన్లో బామ్మ వెళ్తూ వెళ్తూ కిటికీ దగ్గర ఆగింది అని రాశావు, ఎందుకో రాయలేదు. అక్కణ్ణుంచి మొదలుపెట్టు, మనవణ్ణి కాసేపు బయటికి పంపించెయ్. ఆదివారం లోపు పంపితే చదువుతాను, ఆ తర్వాత నాకు షూటింగ్ ఉంది.

అక్క