వాయించాడా, వాయించాడటా?

సందేహం: 'రోమ్ తగలబడుతుంటే నీరో ఫిడేలు వాయించినట్టు' అని పత్రికల్లో తరచూ చూస్తుంటాం. నీరో కాలానికి ఫిడేలే లేదని మా అబ్బాయి అంటున్నాడు. ఈ వాడుక మానెయ్యాలా? ఫిడేలు బదులు వీణ అంటే సరిపోతుందా?

సమాధానం: మీవాడి మాట నిజమే. ఇప్పటి ఫిడేలు 16వ శతాబ్దంలో ఇటలీలో రూపుదిద్దుకుంది. రోమ్ చక్రవర్తి నీరో క్రీ.శ. 68లోనే పోయాడు. అతను నేర్చుకున్నది కితార. దానికి కమానుతో పనిలేదు, తీగలు మీటి వాయిస్తారు. అలాగని వీణా కాదు. వీణకు మెట్లుంటాయి, దానికి ఉండవు. ఇంగ్లీషు నానుడితోపాటే ఫిడేలూ మనకు వచ్చింది. ఇప్పుడు నీరో చేతికి వీణ ఇస్తే ఒక తప్పు పోయి ఇంకో తప్పు వచ్చి కూర్చుంటుంది.

నన్నడిగితే అసలు చిక్కు వాద్యంలో లేదు, క్రియలో ఉంది. క్రీ.శ. 64 జులైలో రోమ్‌లో మంటలు లేచినప్పుడు నీరో ఆంటియం అనే సముద్రతీర పట్టణంలో ఉన్నాడు. ఈ సంగతి చెప్పిన రోమన్ చరిత్రకారుడు టాసిటస్‌కు నీరో అంటే బొత్తిగా గిట్టదు. అయినా ఆయనే రాశాడు: చక్రవర్తి తిరిగొచ్చి నిలువనీడ లేనివాళ్లకు తన తోటలు తెరిపించాడు, తాత్కాలికంగా పాకలు వేయించాడు, ఓస్టియా రేవు నుంచి సరుకులు తెప్పించాడు, ధాన్యం ధర తగ్గించాడు. ఊరు కాలుతుంటే ట్రాయ్ అనే ప్రాచీన నగరం పతనం గురించి పాడాడన్నది మాత్రం వదంతిగానే చెప్పాడు. ఆ తర్వాత సూటోనియస్ అనే మరో రోమన్ రచయిత దాన్నే జరిగిన సంగతిగా రాసేశాడు.

ఇద్దరికీ ఉన్న తేడా చెప్పడానికి తెలుగులో ఒక్క అక్షరం చాలు. టాసిటస్‌ది 'పాడాడట', సూటోనియస్‌ది 'పాడాడు'. 'ఇల్లు కాలి ఒకడేడుస్తుంటే చుట్టకు నిప్పు అడిగాడట ఇంకొకడు' అనే సామెతలో ఉన్నదీ ఈ 'ట'యే. కళ్లారా చూడనిదాన్ని చూసినట్టు చెప్పకుండా కాపాడే ఇంత చిన్న అక్షరాన్ని చరిత్ర రాసేటప్పుడు మనం ఎందుకు వదిలేస్తామో!

నీరో మంచివాడని నేననడం లేదు. 59లో కన్నతల్లిని చంపించాడు. నగరం కాలాక ఆ నేల మీదే స్వర్ణసౌధం కట్టించుకున్నాడు. జనం వదంతిని నమ్మారంటే నమ్మరూ మరి! ఇవి జరిగినవి, వీటికి 'ట' అక్కర్లేదు.

నానుడిని మానక్కర్లేదు. 'వాయించినట్టు' అన్నది పోలికే. కానీ 'తగలబడుతుంటే' అన్నచోట 'తగలబెట్టి' అని మాత్రం రాయకండి. 'తగలబడు' ఎవరి మీదా నేరం మోపదు, 'తగలబెట్టు' మోపుతుంది. ఆ నిప్పు ప్రమాదమో, ఎవరైనా పెట్టిందో టాసిటస్ కూడా తేల్చలేదు. మీ అబ్బాయిని పరీక్షలో 'నీరో పాడాడని ఒక వదంతి' అని రాయమనండి.