చైనా 'మూడు రాజ్యాల' నవలలో చరిత్ర ఎంత, కల్పన ఎంత?

లువో గ్వాన్‌జోంగ్ పేరిట ప్రసిద్ధమైన ఈ నవలలో నిజానిజాలు తేల్చుకోవాలంటే, 3వ శతాబ్దంలో చెన్ షౌ రాసిన చరిత్రనూ, దానికి 429లో పెయ్ సోంగ్‌జీ పూర్తిచేసిన వ్యాఖ్యనూ దగ్గర పెట్టుకుని చదవాలి. రాజులు, పెద్ద యుద్ధాలు చాలావరకు నిజమే. ఎత్తుగడల ఘనత ఎవరిదన్న చోటే కల్పన ఎక్కువ.

208లో ఉత్తరాది నుంచి దండెత్తిన త్సావ్ త్సావ్‌ను దక్షిణాది పాలకుడు సున్ చ్వాన్, అతని మిత్రుడు ల్యూ బెయ్ ఓడించిన ఎర్ర కొండల యుద్ధం నిజంగా జరిగింది. నౌకలకు నిప్పు పెట్టాలన్న ఆలోచన సున్ చ్వాన్ సేనాని హ్వాంగ్ గాయ్‌ది. ల్యూ బెయ్ సలహాదారు జుగె ల్యాంగ్ పూజ చేసి గాలిని రప్పించడం కల్పన. ఆయన గడ్డి పడవలతో శత్రువు బాణాలు కాజేశాడన్నదీ అంతే. అయితే దానికి బీజం లాంటి ఉదంతం ఒకటి పెయ్ వ్యాఖ్యలో ఉంది. ఆ యుద్ధం తర్వాత కొన్నేళ్లకు సున్ చ్వాన్ నౌకకు ఒక పక్కంతా బాణాలు గుచ్చుకుని, ఆ బరువుకు అది ఒరిగింది. అతను నౌకను తిప్పించి, రెండో పక్కా బాణాలు తగలనిచ్చి, సమంగా నిలబెట్టాడు. ఎంత చక్కటి ఘట్టం!

సైన్యం లేని కోట తలుపులు బార్లా తెరిచి కూర్చుని, జుగె ల్యాంగ్ శత్రు సేనాని సిమా యీని బెదరగొట్టి వెనక్కి పంపాడన్న ఖాళీ కోట కథను పెయ్ స్వయంగా కొట్టిపారేశాడు: అప్పుడు సిమా యీ అక్కడ లేనేలేడు.

అన్నిటికన్నా అన్యాయం జరిగింది ఎర్ర కొండల యుద్ధంలో సున్ చ్వాన్ సేనలను నడిపిన జౌ యూకి. చరిత్ర ఉదారుడన్న మనిషిని నవల అసూయతో చచ్చిపోయేవాడిగా చూపింది.