బ్యాచిలరెట్ ట్రిప్‌కి డేటు కుదరడం లేదా? ముందు పెళ్లిరాట ఎప్పుడో అడగండి

మీ ఫ్రెండ్ పెళ్లి ఫిబ్రవరి చివర్లో అనీ, మీరు ఆరుగురిలో ఇద్దరు హైదరాబాద్‌లో, ఒకరు బెంగళూరులో ఉంటే మిగతావాళ్లు శ్రీకాకుళంలోనే ఉన్నారనీ, వాట్సాప్ గ్రూపులో ఎన్ని పోల్స్ పెట్టినా డేటు తేలడం లేదనీ రాశారు. మాకూ అచ్చం ఇలాగే అయింది. మాదీ శ్రీకాకుళమే. ఇంటర్ నుంచి కలిసి తిరిగిన ఏడుగురం. మాలో ఒకమ్మాయి పెళ్లి 2019 ఫిబ్రవరిలో అని ముందు ఏడాది దసరాకి ముందే ఖాయమైంది. ట్రిప్ ఒడిశాలో సముద్రం ఒడ్డున ఉన్న గోపాల్‌పూర్‌కి అని ఒక్క రోజులో తేల్చేశాం. డేటు దగ్గరే మూడు నెలలు పట్టింది.

మొదట అక్టోబరు 13 అనుకున్నాం. రెండో శనివారం, బ్యాంకులో పనిచేసే అమ్మాయికీ సెలవే. గది కూడా మాట్లాడుకున్నాం. 11వ తేదీ తెల్లవారుజామున తిత్లీ తుపాను మన జిల్లాలోనే తీరం దాటింది. మాలో ఒకమ్మాయిది ఉద్దానం. తన ఫోన్ రెండు రోజులు కలవలేదు. కలిసినప్పుడు, "ఇంటి వెనక ఒక్క కొబ్బరిచెట్టు కూడా నిలబడలేదే, వాళ్ల తాత నాటినవని నాన్న చెట్టు చెట్టు దగ్గరా కూర్చుంటున్నాడు" అంది. ఆ తర్వాత నెల దాటేదాకా ట్రిప్ మాట ఎవ్వరం ఎత్తలేదు. 2014లో హుద్‌హుద్ తుపాను కూడా అక్టోబరులోనే, 12న వచ్చింది. అందుకే అక్టోబరు, నవంబరుల్లో సముద్రం ఒడ్డుకి ప్లాన్ వెయ్యొద్దని ఎవరడిగినా చెబుతాను. మీది ఫిబ్రవరి పెళ్లి కాబట్టి ఆ నెలల జోలికి పోకండి.

రెండోసారి చేసింది పూర్తిగా మా తప్పే. పెళ్లికి ఎలాగూ అందరూ లీవు పెట్టుకుని వస్తారు కదా, ముందు శని, ఆదివారాల్లో వెళ్లొచ్చేద్దాం అనుకున్నాం. గ్రూపులో అందరూ సరే అన్నారు. పెళ్లికూతురు ఆ మాట ఇంట్లో చెప్పగానే వాళ్ల నాన్నమ్మ, "రాట ఏసాక పిల్ల పొలిమేర దాటకూడదమ్మా" అంది. ఆ శనివారానికి ముందే రాట వేస్తున్నారని మాలో ఎవరికీ తెలియదు, ఎవరం అడగనూ లేదు. పెద్దావిడ మాట కాదని వెళ్లే పిల్ల కాదు తను, తనని ఆ ఇరకాటంలో పెట్టినందుకు నాకు చాలా బాధేసింది. ఆచారం సంగతి అలా ఉంచినా, చివరి రెండు వారాలు పెళ్లికూతురికి తీరికే ఉండదు. జాకెట్లు సరిచేయించుకోవాలి, శుభలేఖలు పంచాలి, వచ్చిన చుట్టాలతో కూర్చోవాలి. ట్రిప్‌కి వచ్చినా మనసంతా ఇంటి మీదే ఉంటుంది. కాబట్టి వాళ్లమ్మగారిని రెండే రెండు తేదీలు అడగండి: పసుపు దంచేది ఎప్పుడు, రాట వేసేది ఎప్పుడు. ఆ రెండిట్లో ఏది ముందైతే దానికి కనీసం రెండు వారాల ముందే తిరిగొచ్చేసేలా చూసుకోండి.

చివరికి డేటు కుదిరింది పెళ్లికూతురి ఇంటి వంటగదిలో. పోల్ ఆపేసి, కొత్త సంవత్సరం పంచాంగం క్యాలెండర్ కింద పరుచుకుని, పెన్సిల్‌తో జనవరి వారాంతాలు ఒక్కొక్కటే కొట్టేసుకుంటూ వచ్చాం. దూరాన ఉన్నవాళ్లు స్పీకర్‌లో ఉన్నారు. ఎవరికి ఎప్పుడు వీలవుతుందని అడగలేదు, ఎవరికి ఏ రోజు అస్సలు కుదరదని అడిగాం. 5వ తేదీ శనివారం అమావాస్య. "అమాస పూట ఎక్కడికే ఎల్తారు?" అని నాన్నమ్మ అడ్డం పడింది, కొట్టేశాం. 12 రెండో శనివారమే గానీ సంక్రాంతి ముంగిట. హైదరాబాద్ వాళ్లు అప్పటికి రైల్లోనో బస్సులోనో ఉంటారు. 26 నాలుగో శనివారం, బ్యాంకు సెలవు, అందరికీ బాగానే ఉంది. కానీ మాలో ఒకమ్మాయి టీచరు, ఆ పూట బడిలో జెండా ఎగరేసి పిల్లలకి మిఠాయి పంచాలి. ఇక మిగిలింది 19, 20. కనుమ 16న అయిపోతుంది, 17, 18 లీవు పెడితే హైదరాబాద్ వాళ్లు మళ్లీ రానక్కర్లేదు, ఒక రాకపోకల ఖర్చు మిగిలినట్టే. బ్యాంకు అమ్మాయి ఒక్క శనివారం లీవు పెట్టింది. పైగా అది పుష్యమాసం. పెళ్లిళ్లు ఉండవు కాబట్టి ఎవరి అక్క కూతురి పెళ్లో, పిన్ని కొడుకు రిసెప్షనో అడ్డం రాలేదు. మీది మాఘం పెళ్లి అయితే, దానికి ముందు వచ్చే ఈ ముహూర్తాల్లేని రోజులు ట్రిప్‌కి బంగారం లాంటివి.

ఇంకో సంగతి మీతో తప్పకుండా చెప్పాలి. 19 అనుకున్నాక ఒకమ్మాయి "నాకు లీవు ఇవ్వరే" అని మెసేజ్ పెట్టి ఊరుకుంది. విడిగా ఫోన్ చేస్తే చాలాసేపటికి బయటపెట్టింది, నెలాఖరు దగ్గరపడితే చేతిలో డబ్బులుండవని. తను పనిచేసే ప్రైవేటు స్కూల్లో జీతం పదో తేదీ దాటితే గానీ రాదు. అంతకుముందు పోల్స్‌లో తను దేనికీ ఓటు వేయకపోవడానికి కారణం అదే. మేం అది పట్టించుకోకపోగా, తనకి ఆసక్తి లేదని కూడా అనుకున్నాం. తన వాటా నేను ముందు కట్టాను, ఫిబ్రవరిలో, మార్చిలో తిరిగిచ్చింది, గ్రూపులో ఎవరికీ తెలియనివ్వలేదు. డేటు ఖాయం చేసేముందు ఒక్కొక్కరికీ విడిగా ఫోన్ చేయండి. పదిమందిలో చెప్పుకోలేని కారణాలు అప్పుడే బయటికొస్తాయి. నెలసరి సంగతి కూడా అంతే. పెళ్లికూతుర్ని ఒక్కదాన్నే అడిగి, తనకి ఇబ్బంది లేని రోజులు చూడండి, మిగతావాళ్లవి కూడా చూస్తూ కూర్చుంటే ఎప్పటికీ తేలదు.

ఆరుగురూ రావాలని పట్టుబట్టొద్దు కూడా. మాలో ఒకమ్మాయికి ఏడు నెలల బాబు, తను రాలేనంది. తన కోసం వాయిదా వేస్తే ఇంకెవరికో కుదరదు. వెళ్లే ముందు రోజు సాయంత్రం అందరం వాళ్లింట్లోనే భోంచేశాం, పెళ్లికూతురికి తనే గోరింటాకు పెట్టింది.

19 పొద్దున్నే కారులో బయల్దేరి టెక్కలి దగ్గర తేలినీలాపురంలో ఆగాం. జనవరిలో వెళ్లడం వల్ల ఇదొక అదృష్టం, మార్చి దాటితే అక్కడ పక్షులు ఉండవు. ఊళ్లో ఇళ్ల మధ్య చెట్ల మీద గూళ్లు, గూటి గూటికీ పెలికాన్లు. కింద ఒకావిడ కళ్లాపి చల్లుకుంటోంది. మా పెళ్లికూతురు అరగంట అలా తలెత్తి చూస్తూనే ఉండిపోయింది. ఇచ్ఛాపురం దాటి, బరంపురం మీదుగా మధ్యాహ్నానికి గోపాల్‌పూర్ చేరాం.

తిరుగు టికెట్ల దగ్గర మాత్రం దెబ్బతిన్నాం. డేటు ఆలస్యంగా తేలడంతో ఆదివారం రాత్రికి రైళ్లన్నీ వెయిటింగ్ లిస్టే, హైదరాబాద్ వాళ్లు బస్సుకి చాలా ఎక్కువ పెట్టాల్సి వచ్చింది. ఇప్పుడు రైల్వే రిజర్వేషన్ 60 రోజుల ముందే తెరుస్తున్నారు. సంక్రాంతి రద్దీలో తెరిచిన కాసేపటికే సీట్లు అయిపోతాయి, కాబట్టి మీ ట్రిప్ జనవరిలో అయితే నవంబరు మధ్యలోపు డేటు తేలిపోవాలి. బెంగళూరు అమ్మాయిది దూరం కాబట్టి మిగతావాళ్ల కంటే ముందు తన టికెట్టే చూడండి.

ముందు పెళ్లికూతురి అమ్మగారిని అడిగి రాట తేదీ కనుక్కుని ఇక్కడ రాయండి. వచ్చే జనవరి క్యాలెండర్ దగ్గర పెట్టుకుని కూర్చుంటాను, కలిసి చూద్దాం.