గల్ఫ్ ప్రయాణం: మీ ప్రశ్నలు, మా జవాబులు

ఈ నెల వచ్చిన ఉత్తరాల్లో సగానికి పైగా గల్ఫ్ గురించే. ఒకే తీరు ప్రశ్నలను కలిపి ఆరింటికి ఇక్కడ జవాబులిస్తున్నాం. రాసినవారి పేర్లు వేయడం లేదు.

ప్రశ్న: మా తమ్ముడు ఎనిమిదో తరగతి దాకా చదివాడు. తాపీ పని బాగా వచ్చు. ఒక ఏజెంటు లక్షా పది వేలు అడుగుతున్నాడు. ముందు విజిట్ వీసా మీద దుబాయ్ పంపి, అక్కడికి పోయినంక కంపెనీ వీసా కొట్టిస్తాడట. మా ఊరోళ్లు ఇద్దరు అట్లనే పోయి పని చేసుకుంటున్నారు. డబ్బు కట్టొచ్చా?
– ఒక అన్న, జగిత్యాల జిల్లా

జవాబు: కట్టకండి. బయానా ఇచ్చి ఉంటే ఇప్పుడే వెనక్కి అడగండి.

మీ తమ్ముడు పది పాస్ కాలేదు కాబట్టి ఆయన పాస్‌పోర్టు మీద ఈసీఆర్ (ఎమిగ్రేషన్ తనిఖీ అవసరం) అని ఉంటుంది. ఈసీఆర్ ఉన్నవాళ్లు యూఏఈ, సౌదీ, కువైట్, ఖతర్, ఒమన్, బహ్రెయిన్, ఇరాక్, మలేషియా వంటి దేశాలకు పనికోసం వెళ్లాలంటే కేంద్ర ప్రభుత్వ ప్రొటెక్టర్ ఆఫ్ ఎమిగ్రెంట్స్ ఆఫీసు నుంచి క్లియరెన్స్ ఉండాలి. 1983 ఎమిగ్రేషన్ చట్టం పెట్టిన నిబంధన ఇది. యజమాని ఎవరు, జీతం ఎంత, ఒప్పందం రాశారా, బీమా కట్టారా అన్నవి చూశాకే క్లియరెన్స్ ఇస్తారు. విజిట్ వీసా మీద పంపితే ఈ తనిఖీ ఏదీ ఉండదు. ఏజెంటు ఆ దారి పట్టేది అందుకే.

మీ ఊరివాళ్లిద్దరి మాట అబద్ధం కాకపోవచ్చు. కొందరికి నిజంగానే అక్కడ వీసా మారుతుంది. మారనివాళ్ల గతి ఏమిటో కూడా తెలుసుకోండి. విజిట్ గడువు దాటితే యూఏఈలో రోజుకు 50 దిర్హాములు జరిమానా. రెండు నెలలు దాటిందంటే 3,000 దిర్హాములు, మన డబ్బులో అరవై వేలకు పైనే. అది కట్టందే విమానం ఎక్కనివ్వరు. విజిట్ మీద పని చేస్తూ దొరికితే పట్టుకుని తిప్పి పంపేస్తారు. జీతం ఎగ్గొడితే లేబర్ ఆఫీసులో ఫిర్యాదు నిలవదు, ఎందుకంటే ఒప్పందమే లేదు. పరంజా మీద నుంచి పడి కాలు విరిగితే బీమా ఉండదు. అసలు శంషాబాద్‌లోనే ఆగిపోయేవాళ్లూ ఉన్నారు. ఈసీఆర్ పాస్‌పోర్టు, విజిట్ వీసా, ఒంటరిగా వెళ్తున్న కుర్రాడు కనబడితే ఇమిగ్రేషన్ అధికారి హోటల్ బుకింగ్, రిటర్న్ టికెట్, అక్కడ ఎవరున్నారు అని అడుగుతాడు. జవాబు తడబడితే వెనక్కి పంపేస్తాడు. ఏజెంటు ఆ డబ్బు తిరిగివ్వడు.

సరైన దారి ఇది. ముందు ఏజెంటు లైసెన్సు నంబరు అడగండి. కేంద్ర ప్రభుత్వ ఈ-మైగ్రేట్ వెబ్‌సైట్‌లో రిజిస్టర్డ్ ఏజెంట్ల జాబితా ఉంటుంది. అందులో ఆ నంబరు కొట్టి, లైసెన్సు ఇప్పుడు నడుస్తోందా, సస్పెండ్ అయిందా, గడువు అయిపోయిందా చూడండి. నకిలీ ఏజెంట్ల జాబితా కూడా అదే సైట్‌లో ఉంది. లైసెన్సు హైదరాబాద్ లేదా ముంబై ఆఫీసు పేరు మీద ఉండి, మీ దగ్గరికి వచ్చినాయన ‘వాళ్ల మనిషిని’ అంటే, జాబితాలో ఉన్న ఫోన్ నంబరుకే చేసి అడగండి. ఆయన ఇచ్చిన నంబరుకు మాత్రం చేయకండి. సబ్ ఏజెంటు అనేవాడికి చట్టంలో చోటు లేదు.

రిజిస్టర్డ్ ఏజెంటు సర్వీసు చార్జి కింద తీసుకోగలిగింది గరిష్ఠంగా 30,000 రూపాయలు, దాని మీద 18 శాతం జీఎస్టీ. మొత్తం 35,400. రసీదు ఇవ్వాల్సిందే. బ్యాంకు ద్వారానే కట్టండి. అంతకు మించి అడిగేవాళ్లు చాలామందే ఉన్నారు, అది దాచాల్సిన విషయం కాదు. కానీ రసీదు ఇవ్వనన్న చోట ఇక మాట్లాడాల్సింది లేదు, లేచి వచ్చేయండి.

ఒప్పందం చేతికి రాగానే నిదానంగా చదవండి. వీసా మీద ఉన్న కంపెనీ పేరు, ఒప్పందంలో ఉన్న పేరు ఒకటేనా? పని అన్నచోట మేస్త్రీ అని ఉందా, ఉత్త లేబర్ అని ఉందా? రోజుకు ఎన్ని గంటలు, ఓటీకి (అదనపు గంటలకు) ఎంత, తిండి, గది, టికెట్ ఎవరిది? అన్నిటికంటే ముఖ్యంగా బేసిక్ (మూల జీతం) ఎంతో చూడండి. 1,200 దిర్హాములు అని నోటితో చెప్పి కాగితం మీద 800 బేసిక్, 400 అలవెన్సు అని రాస్తారు. యూఏఈలో సర్వీసు డబ్బులు (పని మానేటప్పుడు కంపెనీ ఇచ్చేవి) బేసిక్ మీదే లెక్క కడతారు: మొదటి ఐదేళ్లకు ఏడాదికి 21 రోజుల బేసిక్. 1,200 బేసిక్ అయితే ఏడాదికి 840 వస్తుంది, 800 అయితే 560 మాత్రమే. యూఏఈ ఆఫర్ లెటర్ హిందీలో కూడా ఇస్తారు. ఇంగ్లిష్ రానివాళ్లు హిందీ ప్రతి అడిగి, తెలిసినవాళ్లతో చదివించుకుని ఆ తర్వాతే సంతకం పెట్టండి.

ప్రవాసీ భారతీయ బీమా యోజన ఈసీఆర్ వాళ్లకు తప్పనిసరి. రెండేళ్లకు 275, మూడేళ్లకు 375 రూపాయలు. ప్రమాదంలో చనిపోయినా, శాశ్వతంగా అంగవైకల్యం వచ్చినా 10 లక్షలు. పాలసీ కాపీ, ఒప్పందం కాపీ, వీసా కాపీ, పాస్‌పోర్టు మొదటి, చివరి పేజీలు ఇంట్లో ఒక సెట్టు పెట్టుకోండి. ఫోన్‌లో ఫొటో ఉంది కదా అనుకోవద్దు, ఫోన్ ఆయనతోనే వెళ్తుంది. తెలంగాణ ప్రభుత్వ సంస్థ టామ్‌కామ్ కూడా విదేశీ ఉద్యోగాలకు ఎంపికలు చేస్తుంది. తాపీ పని వచ్చినవాళ్లు అక్కడ పేరు నమోదు చేసుకుని ఉండటం మంచిది.

ప్రశ్న: మెడికల్‌లో ఊపిరితిత్తుల మీద మచ్చ ఉందని అన్‌ఫిట్ ఇచ్చారు. నాకు టీబీ ఎప్పుడో తగ్గిపోయింది. ఏజెంటు పదిహేను వేలిస్తే ఫిట్ చేయిస్తానంటున్నాడు.
– ఒక పాఠకుడు, కామారెడ్డి జిల్లా

జవాబు: ఇవ్వకండి. గల్ఫ్ మెడికల్ ఇప్పుడు వాఫిద్ అనే ఆన్‌లైన్ పద్ధతిలో నడుస్తుంది. రిజల్టు నేరుగా అందులోకే ఎక్కుతుంది. మానిన టీబీ అయినా ఎక్స్‌రేలో మచ్చ కనబడితే చాలు, అన్‌ఫిట్ ఇస్తారు. ఒకవేళ ఇక్కడ ఎలాగో ఫిట్ రాయించినా, దిగాక అఖామా (అక్కడ ఉండే అనుమతి) కొట్టే ముందు అక్కడ మళ్లీ మెడికల్ ఉంటుంది. అందులో పోతే సొంత ఖర్చుతో తిరిగి రావాలి. పాత టీబీ, పచ్చకామెర్లు ఉన్నవాళ్లు ఏజెంటుకు పైసా కట్టక ముందే బయట ల్యాబ్‌లో ఛాతీ ఎక్స్‌రే, హెపటైటిస్ బి, సి పరీక్షలు చేయించుకోండి. కొద్దిపాటి ఖర్చుతో తేలిపోతుంది.

ప్రశ్న: మా ఆయన ఏడేళ్లుగా సౌదీలో ఒకే కంపెనీలో ఉన్నాడు. జీతం 1,500 రియాల్. నాలుగు నెలలుగా ఇవ్వడం లేదు. విసిగిపోయి బయటికి వెళ్లి వేరే పని చూసుకుంటానంటున్నాడు. కాదంటే రాజీనామా చేసి వచ్చేస్తానంటున్నాడు. ఏది మేలు?
– ఒక గృహిణి, రాజన్న సిరిసిల్ల జిల్లా

జవాబు: అమ్మా, రెండూ నష్టమే. ఈ రోజే ఆయనకు ఫోన్ చేసి రెండు మాటలు చెప్పండి: క్యాంపు వదలొద్దు, ఏ కాగితం మీదా సంతకం పెట్టొద్దు.

చెప్పకుండా బయటికి వెళ్తే కంపెనీ హురూబ్ పెడుతుంది, అంటే పారిపోయాడని నమోదు చేస్తుంది. అప్పటినుంచి ఆయన ఖల్లివెల్లి, అంటే చట్టవిరుద్ధంగా ఉంటున్న మనిషి. జీతం అడగాల్సిన మనిషి పోలీసుకు కనబడకుండా తిరగాల్సి వస్తుంది.

రాజీనామా లెక్క చూడండి. సౌదీ లేబర్ చట్టం ప్రకారం సర్వీసు డబ్బులు మొదటి ఐదేళ్లకు ఏడాదికి సగం నెల జీతం, ఆపై ప్రతి ఏడాదికి ఒక నెల జీతం. ఆయనకు 750 చొప్పున ఐదేళ్లకు 3,750, తర్వాతి రెండేళ్లకు 3,000, మొత్తం 6,750 రియాల్ రావాలి. తనంతట తానే రాజీనామా చేస్తే ఐదు నుంచి పదేళ్ల సర్వీసుకు ఇందులో మూడింట రెండు వంతులే వస్తుంది, అంటే 4,500. రెండేళ్లు నిండకుండా రాజీనామా చేసినవాళ్లకైతే ఏమీ రాదు.

జీతం ఇవ్వకపోవడం యజమాని తప్పు. అలాంటప్పుడు 81వ అధికరణం కింద నోటీసు లేకుండానే మానేయొచ్చు. అప్పుడు పూర్తి 6,750 ఆయన హక్కు. దానికి నాలుగు నెలల జీతం 6,000, వాడుకోని సెలవుల డబ్బు కలుపుకోండి. రాజీనామా అన్న ఒక్క కాగితంతో వదులుకోబోయింది 2,250 రియాల్.

ముందుగా లేబర్ ఆఫీసులో ఫిర్యాదు నమోదు చేయాలి. మొదట రాజీ విభాగం కంపెనీని పిలుస్తుంది, దానికి 21 పని దినాలు. తేలకపోతే కేసు లేబర్ కోర్టుకు వెళ్తుంది. ఒప్పందం, అఖామా, జీతం పడిన ఆఖరి నెల బ్యాంకు స్టేట్‌మెంట్ దగ్గర పెట్టుకోమనండి. జీతం ఏ నెల నుంచి ఆగిందో చూపించేది ఆ స్టేట్‌మెంటే. అక్కడే ఉండి పని చేయాలనుకుంటే ఇంకో దారి ఉంది: మూడు నెలలు జీతం రాకపోతే పాత యజమాని అనుమతి లేకుండానే వేరే కంపెనీకి మారొచ్చు. మారాక పాత బాకీ కోసం కేసు నడుపుకోవచ్చు.

కంపెనీ మనిషి టికెట్ చేతిలో పెట్టి, అరబ్బీలో ఉన్న కాగితం చూపించి ‘సంతకం పెట్టు, ఫైనల్ ఎగ్జిట్ (శాశ్వతంగా వెళ్లిపోయే వీసా) కొట్టిస్తా’ అంటాడు. చాలామంది మోసపోయేది అక్కడే. ఆ కాగితంలో ‘నాకు రావాల్సినవన్నీ ముట్టాయి’ అని ఉంటుంది. కేసు తేలేలోగా రావాల్సి వస్తే ఆయన తరఫున కేసు నడపడానికి రియాద్ ఎంబసీకి గాని, జెడ్డా కాన్సులేటుకు గాని, నమ్మకమైన మనిషికి గాని పవరాఫ్ అటార్నీ ఇచ్చి రావాలి. పని ఒప్పందం ముగిసిన నాటి నుంచి 12 నెలల్లోగా కేసు వేయాలి. ఆ గడువు దాటితే కోర్టు తీసుకోదు.

ఒక జాగ్రత్త. ఈ లెక్క కంపెనీ వీసా వాళ్లది. హౌస్ డ్రైవర్, గొర్ల కాపరి, ఇంటి పని వీసాల మీద ఉన్నవాళ్లు లేబర్ చట్టం కిందికి రారు. వాళ్లకు వేరే నిబంధనలు, అందులో సర్వీసు డబ్బులు తక్కువ: నాలుగేళ్లు చేస్తే ఒక నెల జీతం.

ప్రశ్న: మా చెల్లెలికి 27 ఏళ్లు. కువైట్‌లో ఇంటి పనికి 120 దినార్లు ఇస్తారని ఏజెంటు చెప్పాడు. పాస్‌పోర్టులో వయసు 31 అని వేయిస్తాడట.
– ఒక అక్క, అన్నమయ్య జిల్లా

జవాబు: అక్కడే ఆపేయండి. ఈసీఆర్ పాస్‌పోర్టు ఉన్న ఆడవాళ్లకు ఈ దేశాలకు పనికి వెళ్లాలంటే 30 ఏళ్లు నిండాలి. పంపేది కూడా ప్రభుత్వం అనుమతించిన సంస్థలే, ప్రైవేటు ఏజెంటు కాదు. తప్పుడు పుట్టిన తేదీతో పాస్‌పోర్టు తీసుకోవడం జైలు శిక్ష పడే నేరం. శిక్ష పడేది మీ చెల్లెలికి. రేపు ఏదైనా జరిగితే పాస్‌పోర్టులో ఒక వయసు, ఆధార్‌లో ఇంకొకటి ఉంటుంది. బీమా డబ్బు అక్కడే ఆగిపోతుంది.

వయసు నిండి ఖాదిమా (ఇంటి పని) వీసా మీద వెళ్లేవాళ్లు తెలుసుకోవాల్సినవి: కువైట్‌లో ఇంటి పనివాళ్లకు 2015లో 68వ నంబరు చట్టం వచ్చింది. కనీస జీతం 60 దినార్లు, రోజుకు 12 గంటలకు మించని పని, వారానికో సెలవు, ఏడాదికి 30 రోజుల సెలవు, పని ముగిశాక ఏడాదికి ఒక నెల జీతం. పాస్‌పోర్టు యజమాని దాచకూడదు. ఇన్ని ఉన్నా, నాలుగు గోడల మధ్య ఏం జరుగుతోందో చూసేవాళ్లుండరు. కొట్టినా, జీతం ఇవ్వకపోయినా తెలిసినవాళ్లు చూపించిన ఇంకో ఇంట్లో పనికి చేరొద్దు. యజమాని పరారీ కేసు పెడితే వీసా పోతుంది. నేరుగా భారత ఎంబసీకే వెళ్లాలి, అక్కడ ఆడవాళ్లకు ఆశ్రయం ఉంది. పాస్‌పోర్టు యజమాని దగ్గరే ఉండిపోతే ఔట్‌పాస్ (ఇంటికి రావడానికి తాత్కాలిక ప్రయాణ పత్రం) అక్కడే ఇస్తారు. ఎంబసీ చిరునామా, నంబరు కాగితం మీద రాసి బట్టల్లో కుట్టి పంపండి. ఫోన్ లాక్కునే ఇళ్లున్నాయి.

ప్రశ్న: మా మరిది దుబాయ్‌లో నిద్రలోనే పోయాడు. శవం ఎప్పుడొస్తుంది? బీమా వస్తుందా?
– నిజామాబాద్ జిల్లా నుంచి

జవాబు: మీ కుటుంబానికి మా సానుభూతి. ముందుగా అక్కడ డెత్ సర్టిఫికెట్, పోలీసు క్లియరెన్స్ రావాలి. తర్వాత కాన్సులేటు పాస్‌పోర్టు రద్దు చేసి, మరణాన్ని నమోదు చేసి ఎన్‌ఓసీ (అభ్యంతరం లేదన్న పత్రం) ఇస్తుంది. ఆపై ఎంబామింగ్ (శవం పాడవకుండా మందు ఎక్కించడం), విమానంలో కార్గో బుకింగ్. ఖర్చు పెట్టుకోవాల్సింది కంపెనీయే. కంపెనీ ముఖం చాటేసినా, ఖల్లివెల్లిగా ఉన్న మనిషి అయినా, కాన్సులేటు దగ్గరున్న కమ్యూనిటీ వెల్ఫేర్ ఫండ్ నుంచి అడగండి. ఇంటి నుంచి కావాల్సింది పాస్‌పోర్టు కాపీ, వీసా కాపీ, శవాన్ని ఎవరికి అప్పగించాలో రాసిన కుటుంబసభ్యుల సమ్మతి పత్రం. శంషాబాద్ నుంచి ఊరికి రాష్ట్ర ప్రభుత్వమే ఉచితంగా అంబులెన్సు ఇస్తుంది.

ప్రవాసీ బీమా 10 లక్షలు ప్రమాద మరణానికే. గుండెపోటుకు రాదు. అది తెలియక ఎన్నో కుటుంబాలు నెలలు తిరుగుతున్నాయి. కానీ తెలంగాణ ప్రభుత్వం గల్ఫ్‌లో చనిపోయినవారి కుటుంబానికి ఇచ్చే 5 లక్షలు ఉంది. కలెక్టరుకు దరఖాస్తు పెట్టండి, ఆలస్యం చేయొద్దు. రద్దయిన పాస్‌పోర్టు, డెత్ సర్టిఫికెట్ అసలు ప్రతులు ఎవరికీ ఇచ్చేయకండి, జిరాక్సులే ఇవ్వండి. కంపెనీ నుంచి ఆగిన జీతం, సర్వీసు డబ్బులు వారసులకు రావాలి. అవి కాన్సులేటు ద్వారా రాతపూర్వకంగా అడగండి.

ప్రశ్న: మా అబ్బాయి పది పాసయ్యాడు, పాస్‌పోర్టు మాత్రం ఈసీఆర్. తీయించాలా?
– పశ్చిమ గోదావరి జిల్లా నుంచి

జవాబు: తీయించొచ్చు. పది సర్టిఫికెట్‌తో పాస్‌పోర్టు రీఇష్యూకు దరఖాస్తు చేస్తే ఈసీఆర్ లేకుండా కొత్తది వస్తుంది. విదేశాల్లో మూడేళ్లకు పైగా ఉన్నవాళ్లకు, 50 ఏళ్లు దాటినవాళ్లకు కూడా ఈ వీలుంది. కానీ ఈసీఆర్ పోతే క్లియరెన్స్‌తో పాటు బీమా నిబంధన కూడా పోతుంది. ప్రమాద బీమా మీరే వేరుగా తీసుకోండి, ఏజెంటు లైసెన్సు మాత్రం అందరిలాగే చూసుకోండి. సందేహం వస్తే కేంద్ర ప్రభుత్వ ప్రవాసీ సహాయ కేంద్రం ఉచిత నంబరు 1800 11 3090. డబ్బు కట్టక ముందే చేయండి.