మళ్లీ చెయ్యమనకు

తమ్ముడూ,

నువ్వు పంపిన ఇరవై నిమిషాల వీడియో రెండుసార్లు చూశాను. నరసాపురం నుంచి సఖినేటిపల్లికి పంటు మీద గోదారి దాటుతుంటే, చిల్లర లెక్కపెట్టుకుంటున్న ఆ ముసలావిడ ఉంది చూడు, అక్కడ నాకు కళ్లు తిప్పుకోబుద్ధి కాలేదు. ఒక్క నాణెం మాత్రం పక్కకు తీసి కొంగు చివర విడిగా ముడేసుకుంది. ఎవరికోసమో అని నేను ఆత్రంగా చూస్తుంటే, అంతలోనే నువ్వు వేణువు మొదలెట్టి ‘గోదారమ్మ ఒడిలో బతుకు పోరాటం’ అని గొంతు పెట్టేశావు. ఇంకాసేపు ఆ ముడినే చూడనివ్వాల్సింది అబ్బాయ్.

నేనూ తక్కువేం తినలేదులే. మొదట్లో ఆత్రేయపురంలో పూతరేకులు తీసే ఇంటికి వెళ్లాను. బోర్లించిన కుండ, కింద మంట. ఆవిడ పల్చటి పిండిలో గుడ్డ ముంచి కుండ మీద ఒక్క లాగు లాగితే చాలు, కళ్లు మూసి తెరిచేలోగా రేకు లేచేది. ఫోకస్ తప్పిందని ‘మళ్లీ ఒకసారి చెయ్యండమ్మా’ అన్నాను. పాపం, పమిట సర్దుకుని, నవ్వుమొహం పెట్టి, నిదానంగా చేసింది. ఆ షాట్ ఎందుకూ పనికిరాలేదు. తర్వాత నేను బ్యాటరీ మార్చుకుంటుంటే ఒక రేకు చిరిగింది. కుండ మీంచి చూపు తిప్పకుండానే ఆ ముక్క వెనక కూర్చున్న మనవడి నోట్లో పెట్టేసింది. నేను తియ్యాల్సింది అదీ.

అప్పట్నుంచి ఎవర్నీ మళ్లీ చెయ్యమనలేదు. వాళ్లు నన్ను పట్టించుకోవడం మానేసేదాకా ఓ మూల కూర్చుంటాను.

అమెరికా డాక్యుమెంటరీ దర్శకుడు ఫ్రెడరిక్ వైజ్‌మన్ గురించి అడిగావుగా. లా పాఠాలు చెప్పిన మనిషి, 1967లో తన తొలి డాక్యుమెంటరీ తెచ్చాడు. ఇంటర్వ్యూలు లేవు, వ్యాఖ్యానం లేదు. కెమెరా వేరేవాళ్లకిచ్చి తాను సౌండ్ చూసుకునేవాడు. షూటింగ్ వారాల్లో అయిపోయినా ఎడిటింగ్‌కి నెలలకు నెలలు పట్టేది. నువ్వు కూడా లెన్సుల పిచ్చి తగ్గించి మంచి మైకు కొనుక్కో. ఏటిగాలికి కొబ్బరాకుల చప్పుడు మాటల్ని మింగేస్తుంది, మైకుకి బొచ్చు తొడుగు మర్చిపోకు.

పెళ్లి వీడియోలు అప్పుడే మానెయ్యకు. నా ఇల్లు చాన్నాళ్లు వాటి మీదే గడిచింది. పైగా చెయ్యి తిరుగుతుంది, తాళి కట్టేటప్పుడు రీటేక్ అడగలేం కదా! కొందరు అడుగుతారనుకో.

ముందు ఆ రేవుకి మళ్లీ వెళ్లు. కెమెరా సంచిలోనే ఉంచి, టికెట్ కొనుక్కుని నాలుగు రోజులు అటూ ఇటూ దాటు. ఆ ముసలావిడ కనిపిస్తే నాణెం సంగతి అడక్కు. ఒడ్డు దిగాక ఎటు వెళుతుందో చూడు.

ఉంటాను,
అన్నయ్య