ఒకే జట్టులో ఉండిపోవాలనుకుంటున్న అల్లుడికి

తిరుపతి

చిరంజీవి అల్లుడికి మామ ఆశీస్సులు.

చెన్నైలో నువ్వు ఆడుతున్న బాస్కెట్‌బాల్ క్లబ్బు ఇంకో మూడేళ్ళకు సంతకం పెట్టమంటోందని, ఇంకో జట్టు జీతం పెంచి పిలుస్తోందని మీ అమ్మ ఫోన్లో చెప్పింది. నీకేమో అమెరికా ఆటగాళ్ళు టిమ్ డంకన్ లాగా, నొవిట్‌స్కీ లాగా చివరిదాకా ఒకే జెర్సీలో ఆడాలని ఉందట. మంచి కోరికే. కాకపోతే అందులో ఆట మీద ప్రేమ ఎంత, మొహమాటం ఎంత అనేది ముందు తేల్చుకో అబ్బీ. మన పిల్లలు క్లబ్బు మారకపోవడానికి సగం కారణం "సార్ ఏమనుకుంటారో" అనే.

నువ్వు పేర్లు చెప్పే వాళ్ళ సంగతే చూద్దాం. డిర్క్ నొవిట్‌స్కీ 1998 నుంచి 2019 దాకా డల్లాస్ జట్టుకు 21 సీజన్లు ఆడాడు. ఎన్‌బీఏలో, అంటే ఆ అమెరికా లీగ్‌లో, ఒకే జట్టుకు అన్ని సీజన్లు ఇంకెవరూ ఆడలేదు. 2014లో వేరే జట్లు గరిష్ఠ జీతం ఇస్తామన్నా వద్దని, మూడేళ్ళకు సుమారు 2.5 కోట్ల డాలర్లకే ఉండిపోయాడు. 2012లో డంకన్ కూడా 2 కోట్లు దాటిన ఏడాది జీతాన్ని కోటి లోపుకు దించుకున్నాడు. ఇవి చదివి పొంగిపోయినట్టున్నావు. అప్పటికి ఇద్దరికీ 36 ఏళ్ళు. ఇద్దరూ కప్పులు గెలిచేశారు, తరాలకు సరిపడా సంపాదించేశారు. పైగా అక్కడ జట్టు మొత్తం జీతాల మీద పరిమితి ఉంటుంది కాబట్టి ఒకరు వదులుకున్న డబ్బుతో ఇంకో మంచి ఆటగాణ్ణి తెచ్చుకోవచ్చు. నువ్వు వదులుకుంటే ఎవరికి పోతుంది? 23 ఏళ్ళకే త్యాగాలు మొదలుపెట్టొద్దు.

ఇంకో సంగతి కూడా తెలుసుకో. ఎన్‌బీఏలో సొంత ఆటగాణ్ణి నిలబెట్టుకోడానికి ఆ పరిమితి దాటి జీతం ఇచ్చే వెసులుబాటు ఉంది. బయటి జట్టుకు అది ఉండదు. ఆ రూల్‌ను లారీ బర్డ్ అనే పాత ఆటగాడి పేరుతోనే పిలుస్తారు, ఆయనా 13 సీజన్లూ బోస్టన్ జట్టుకే ఆడాడు. అంటే అక్కడ ఉండిపోయేవాడికి రూలే కొంత సాయం చేస్తుంది. మన దగ్గర అలాంటిదేమీ లేదు. ఏం కావాలన్నా నోరు తెరిచి అడగాల్సిందే. అడక్కుండా సంతకం పెడితే, రేటు మాట్లాడుకోకుండా గుజ్జు ఫ్యాక్టరీకి తోతాపురి తోలినట్టే.

ఏం అడగాలంటావా. దెబ్బ తగిలితే వైద్యం ఖర్చు ఎవరిది, ఆడని నెలల్లో జీతం వస్తుందా, కాంట్రాక్టు ఉద్యోగం పర్మనెంట్ ఎప్పుడవుతుంది, వెళ్ళిపోవాలంటే ఎన్‌ఓసీ (అభ్యంతరం లేదనే కాగితం) ఎన్ని రోజుల్లో ఇస్తారు. మన దేశంలో బాస్కెట్‌బాల్‌ను ఇన్నేళ్ళూ బతికించింది రైల్వేలు, ఓఎన్‌జీసీ, సర్వీసెస్ (సైన్యం), బ్యాంకుల్లో స్పోర్ట్స్ కోటా ఉద్యోగాలే. ముప్పై రెండు, ముప్పై మూడుకు ఆట అయిపోయినా అరవై దాకా కుర్చీ ఉంటుంది. అందుకే మనకు ఒకే జట్టు అంటే జెర్సీతో పాటు ఆ కుర్చీ కూడా. ఇవన్నీ కాగితం మీద ఉండాలి. నేను ఆడిన సంస్థ పేరెందుకు గానీ, నా మోకాలు పోయినప్పుడు ఆపరేషన్ ఖర్చు గురించి ఉన్నది పైఆఫీసరు నోటిమాటే. ఆయన బదిలీ అయ్యాడు, మాట కూడా ఆయనతోనే పోయింది. నన్ను టపాల్ సెక్షన్‌లో కూర్చోబెట్టారు.

ఇప్పుడు అసలు విషయం. మొన్న సెలవులకు వచ్చినప్పుడు యూనివర్సిటీ కోర్టులో నువ్వు ఆడుతుంటే గట్టు మీద కూర్చుని చూశాను. రీబౌండ్‌కు, అదే పడకుండా తిరిగొచ్చిన బంతికి, రెండు కాళ్ళ మీదా లేస్తున్నావు. దిగేటప్పుడు మాత్రం బరువంతా ఎడమ కాలి మీదే, కుడి కాలు ఆనించీ ఆననట్టు. తర్వాత నీ షూస్ తిప్పి చూశాను. ఎడమది ముందు భాగం నున్నగా అరిగిపోయింది, కుడిదానికి గీతలు ఇంకా కొత్తవాటిలాగే ఉన్నాయి. అంటే కుడి చీలమండ నొప్పి తగ్గలేదు, క్లబ్బులో చెప్పలేదు. సంతకానికి ముందు చెబితే పక్కన పెడతారని టెన్షన్, అవునా?

ముందే చెప్పు. ఫిజియో దగ్గరికి పంపి, స్కాన్ తీయించి, నాలుగు వారాలు ఆగమంటే ఆ క్లబ్బులో ఉండు, జీతం కొంచెం తక్కువైనా సరే. ముఖం తిప్పుకున్నారా, రాబోయే మూడేళ్ళు ఎలా ఉంటాయో సంతకం పెట్టకముందే తెలిసిపోతుంది. దాచిపెట్టి సంతకం పెడితే మాత్రం తప్పు నీ మీదికొస్తుంది, జట్టు మారినా ఆ కాలు నీతోనే వస్తుంది. ఒకే జట్టులో ఏళ్ళ తరబడి ఉండాలంటే ముందు ఒళ్ళు నిలవాలి. ఎన్‌బీఏలోనే జాన్ స్టాక్టన్ ఉటా జాజ్ జట్టుకు 19 సీజన్లు ఆడి, గాయాల వల్ల మొత్తం 22 మ్యాచ్‌లే పోగొట్టుకున్నాడు. కప్పు రాలేదు, అది వేరే సంగతి.

ఈలోగా సిమెంటు కోర్టులో జంపింగ్ డ్రిల్స్ ఆపెయ్. షాట్లు వేసుకో, ఫ్రీ త్రోలు వేసుకో. అలిపిరి మెట్లు ఎక్కితే స్టామినా వస్తుందని ఎవరో ఎక్కించారట నీకు. ఈ నొప్పి తగ్గేదాకా 3,550 మెట్ల జోలికి పోకు. మొక్కు ఉంటే బస్సులో పోయి దండం పెట్టుకుని రా, స్వామి ఏమీ అనుకోడు.

కోచ్ సంగతి కూడా కనుక్కో. డంకన్ 2000లో తన జట్టు స్పర్స్‌ను వదిలి ఆర్లాండో జట్టుకు పోయినంత పనిచేసి ఆగాడు. ఆడిన 19 సీజన్లూ ఆయనకు కోచ్ పాపోవిచ్ ఒక్కడే. కోచ్ ఏడాదికొకరు మారే చోట ఆటగాడు ఒక్కడే ఉండిపోతే ఏం లాభం? మీ కోచ్ రిటైర్మెంట్ దగ్గర పడిందని విన్నాను. తర్వాత ఎవరొస్తారో, నిన్ను ఏ పొజిషన్‌లో ఆడిస్తారో అడుగు.

బెంచ్ గురించీ ఆలోచించు. ఎన్‌బీఏలో మయామీ జట్టుకు యుడోనిస్ హాస్లెమ్ అని ఒకడు ఆడాడు. డ్రాఫ్ట్‌లో, అంటే జట్లు కొత్త కుర్రాళ్ళను ఎంచుకునేటప్పుడు, ఎవరూ తీసుకోలేదు, ఫ్రాన్స్‌లో ఆడి వచ్చి 2003 నుంచి 2023 దాకా 20 సీజన్లు ఉన్నాడు. చివరి కొన్నేళ్ళు కోర్టులోకి దిగింది చాలా తక్కువ, కుర్రాళ్ళను దిద్దుతూ గడిపాడు. నిన్నేమో రెండో క్వార్టర్లో కూర్చోబెడితేనే ముఖం మాడిపోతుంది. ఒకేచోట ఉంటే ఏదో ఒక రోజు నీకంటే చిన్నోడికి బంతి ఇవ్వాల్సి వస్తుంది. 2014 ఫైనల్స్‌లో స్పర్స్ గెలిస్తే ఎంవీపీ (ఉత్తమ ఆటగాడి అవార్డు) వచ్చింది డంకన్‌కు కాదు, 22 ఏళ్ళ కవై లెనర్డ్‌కు.

సంతకానికి నెలాఖరు దాకా టైముంది కదా. రెండు జట్లకూ "ఇంట్లో మాట్లాడి చెబుతాను" అని మాత్రమే చెప్పు. కాంట్రాక్టు పేజీలన్నీ, వెనక వైపు చిన్న అక్షరాలతో సహా, ఫోటోలు తీసి వాట్సాప్‌లో పంపు. కాలి సంగతి రేపే ఫిజియోకు చెప్పి, ఆయన ఏమన్నాడో నాకు ఫోన్ చెయ్.

ఇట్లు
మీ మామ