జాతీయ పతాకం: బెజవాడలో నిజంగా జరిగిందేమిటి?

ప్రశ్న: 1921లో బెజవాడ కాంగ్రెస్ సభలో పింగళి వెంకయ్య గారు సమర్పించిన జెండాను అక్కడికక్కడే ఆమోదించారనీ, నేటి జాతీయ పతాకం అదేననీ చిన్నప్పటినుంచి వింటున్నాం. ఆ ఘనత సురయ్యా త్యాబ్జీదని ఇంకొందరు అంటున్నారు. ఏది నిజం?
– ఒక పాఠకురాలు, ఏలూరు

జవాబు: ఈ విషయంలో అన్నిటికంటే ముందు చూడవలసింది 1921 ఏప్రిల్ 13 నాటి 'యంగ్ ఇండియా' వారపత్రికలో గాంధీజీ స్వయంగా రాసిన వ్యాసం. బందరు జాతీయ కళాశాలకు చెందిన వెంకయ్య గారు ఇతర దేశాల జెండాలను వివరిస్తూ, మనకు కొన్ని నమూనాలు సూచిస్తూ పుస్తకం వేశారనీ, నాలుగేళ్లుగా ప్రతి కాంగ్రెస్ సమావేశంలోనూ పతాకం కోసం పట్టుదలగా పాటుపడుతున్నారనీ అందులో మెచ్చుకున్నారు. అయితే ఆ నమూనాలు తనను కదిలించలేదని కూడా దాచకుండా రాశారు. రాట్నం ఉండాలన్న ఆలోచన జలంధర్‌కు చెందిన లాలా హంసరాజ్‌ది. ఎరుపు, ఆకుపచ్చ రంగుల మీద రాట్నంతో నమూనా ఇమ్మని గాంధీజీ బెజవాడలో అడిగితే, వెంకయ్య గారు మూడు గంటల్లో సిద్ధం చేశారు. మన ఉపన్యాసాల్లో వినిపించని ముక్క ఆ తర్వాత ఉంది: అఖిల భారత కాంగ్రెస్ కమిటీ ముందు పెట్టడానికి అది కాస్త ఆలస్యంగా అందింది. అలా జరగడమే మంచిదైందని గాంధీజీ అన్నారు. తక్కిన మతాలవారికి గుర్తుగా తెలుపును కూడా చేర్చాలని ఆయనకు ఆ తర్వాతే తోచింది. కనుక 'సభలో ఆమోదించారు' అన్న మాట నిలవదు గానీ, వెంకయ్య గారి కృషికి ఇంతకంటే బలమైన సాక్ష్యం మరొకటి అక్కర్లేదు.

అప్పటి జెండాలో పైన తెలుపు, నడుమ ఆకుపచ్చ, కింద ఎరుపు ఉండేవి. 1931లో కాంగ్రెస్ నియమించిన సంఘం (మన పట్టాభి సీతారామయ్య గారు అందులో సభ్యులు) మొత్తం కాషాయ రంగే చాలునంది. ఆ సిఫారసును పక్కనపెట్టి, కాషాయం, తెలుపు, ఆకుపచ్చ వరుసనూ నడుమ రాట్నాన్నీ కాంగ్రెస్ ఖాయం చేసింది. 1947 జులై 22న రాజ్యాంగ సభలో తీర్మానం ప్రవేశపెట్టిన నెహ్రూ, జెండా రెండువైపులా ఒకేలా కనిపించాలంటే రాట్నంతో చిక్కు వస్తుందని వివరించారు. అందుకే సారనాథ్ అశోక స్తంభం మీది చక్రం వచ్చింది.

త్యాబ్జీ దంపతుల (సురయ్యా, ఆమె భర్త బద్రుద్దీన్) పాత్ర రాట్నం స్థానంలో చక్రం వచ్చిన ఈ చివరి మార్పుకు సంబంధించినది. ఆ విషయాన్ని ప్రధానంగా వారి కుటుంబం చెబుతోంది. దాన్ని కొట్టిపారేయడం సబబు కాదు. అయితే రాజ్యాంగ సభ తీర్మానంలో రూపకర్తగా వారి పేరు గానీ, వెంకయ్య గారి పేరు గానీ లేదు.